పగటి మొలోయి

మిస్బా జాబ్రియాలోని ఆ ఇంటి గడప దాటేసరికి పది గంటల ఇరవై నిమిషాలైంది. పన్నెండింటికి నర్సు దినేయోను పోలీస్ స్టేషన్‌కు తీసుకుపోవాలని ఇంట్లో అప్పటికే తేలిపోయింది. ఆ అమ్మాయి మీద పడిన నింద సిహ్ర్, అంటే చేతబడి. అలాంటి నింద మీద పడిన నర్సుకు ఇంకో ఇంట్లో పని దొరకదు. జైలా, విమానమా అన్నది మాత్రమే మిగులుతుంది.

తొందరపడాల్సిన సమయమే గానీ, మిస్బా తొందరపడే మనిషి కాదు. రాయచోటిలో పుట్టి, ఈ అరబ్బు దేశానికొచ్చి హవల్లీలో ఒక వకీలు దగ్గర పద్దెనిమిదేళ్ళుగా దుబాసీగా పనిచేస్తున్న ఆమెకు తన ఉద్యోగమంటే మహా ఇష్టం. అరబ్బీ కోపాన్ని తెలుగులోకీ, తెలుగు ఏడుపును అరబ్బీలోకీ మార్చి మార్చి, ఎవరు ఎక్కడ అబద్ధమాడుతున్నారో పసిగట్టడం ఆమెకు వంటపట్టేసింది. మహబూలా నుంచి సబా అల్ సలేం దాకా మనవాళ్ళు ఆమెను డిటెక్టివ్ ఆపా అంటారు, సగం వెక్కిరింతగా, సగం నమ్మకంగా. ఆ గురువారం పొద్దున ఆమె నాలుగు దోసెలు తిని, రెండు టీలు తాగి, కొత్త నీలం అబాయా వేసుకుని వచ్చింది. ఆకలితో వేసే ప్రశ్నలకు పదును ఉండదని ఆమె సిద్ధాంతం.

హాల్లో సోఫా మీద కాలు మీద కాలేసుకుని నూర్ బాషా కూర్చుని ఉన్నాడు. ఇళ్ళకు పనివాళ్ళను కుదిర్చే ఆఫీసులో అతను మందూబ్, అంటే కాగితాల పనంతా చూసే మనిషి. కడప వాడు. ఏడాదికి నాలుగు కేసుల్లో ఇద్దరూ ఎదురుపడతారు. మూడింట్లో బాషా ఓడిపోతాడు, నాలుగోది గెలిచి దాని గురించి మూడేళ్ళు మాట్లాడతాడు.

"నీకి ఊరికే శ్రమ ఆపా," అన్నాడు వ్యాను తాళాలు వేలికి తిప్పుతూ. "కేసు ఖలాస్. ఆయమ్మ మంచం కింద మూట దొరికింది, ఆయమ్మ నోట్లోంచి మాటా దొరికింది. నువ్వు తర్జుమా చేసేకి ఏం మిగల్లేదు."

"అంతా అయిపోయిన కేసుకి పొద్దన్నించీ కాపలా ఎందుకు కాస్తాండావప్పా?"

బాషా తాళాలు తిప్పడం ఆపాడు.

ఇంటావిడ ఉమ్ బదర్ యాభై ఏళ్ళ మనిషి. రాత్రంతా నిద్రలేదని కళ్ళే చెబుతున్నాయి. ఆమె అరబ్బీలో చెప్పినదంతా మిస్బా అడ్డు చెప్పకుండా విన్నది. ఆమె అత్తగారికి డెబ్బై తొమ్మిదేళ్ళు. ఇంట్లో పనివాళ్ళంతా ఆమెను మామా కబీరా, పెద్దమ్మగారు, అంటారు. ఏళ్ళ తరబడి గుండెకు మాత్ర వేసుకుంటూ హాయిగా ఉన్న మనిషి మూడు వారాలుగా తిండి మానేసింది. తల తిరుగుతోందంటుంది. తెల్లగోడను చూసి పసుపుపచ్చగా ఉందంటుంది. ఆమెను చూసుకోవడానికి దక్షిణాఫ్రికా నుంచి వచ్చిన నర్సు దినేయో చేరి సరిగ్గా రెండు నెలలు.

"నిన్న పరుపు ఎండలో వేయిద్దామని ఆ పిల్ల మంచం ఎత్తించాను," అంది ఉమ్ బదర్. "కింద ఈ మూట ఉంది. అందులో మా అత్తగారి వెంట్రుకలున్నాయి. అంతకు ముందు రోజే ఈ పిల్ల వాళ్ళ చెల్లెలికి ఫోన్‌లో ఏదో చెబుతూ, మొలోయి, మొలోయి అని నాలుగుసార్లు అనడం నా చెవులారా విన్నాను. ఫోన్‌లో అర్థం వెతికితే మంత్రగత్తె అని వచ్చింది. ఇంకేం కావాలి?"

"మూట చూడొచ్చా?"

మూట గాజు బల్ల మీద, పేపరు పరిచిన పళ్ళెంలో ఉంది. ఎవరూ దాని దగ్గరికి పోవడం లేదు. బాషా కూడా సోఫాలో బల్లకు దూరంగా ఉన్న మూలనే ఎంచుకున్నాడని మిస్బా గమనించి లోలోపల నవ్వుకుంది. పెన్ను మొనతో ముడి విప్పింది.

గుప్పెడు రాళ్ళుప్పు. చిటికెడు ఆవాలు. తొడిమలతో సహా ఏడు ఎండుమిరపకాయలు. గోరింటాకు రంగున్న తెల్లవెంట్రుకలు, చిన్న చుట్టగా. ఏడు మిరపకాయల్లో ఒకదాని కొస మాత్రం నల్లగా కాలి ఉంది.

మిస్బా ఆ కాలిన మిరపకాయను వాసన చూసింది. ఆమె మనసు ఒక్క క్షణం రాయచోటిలో వాళ్ళమ్మ పొయ్యి ముందుకు పోయి వచ్చింది. కానీ మొహంలో ఏమీ కనిపించనివ్వలేదు.

"వెంట్రుకలు కోసినవి కావు," అంది ఉమ్ బదర్‌తో. "చివర్లు చూడండి. దువ్వెనలోంచి తీసినవి. ఇప్పుడు ఆ గది చూపించండి."

పనివాళ్ళ గది వంటింటి వెనక. దినేయో, వంటమనిషి మునిలక్ష్మి ఇద్దరిదీ అదే గది. రెండు ఇనుప మంచాలు, ఒక కిటికీ. మునిలక్ష్మి మంచం కింద సూట్‌కేసు, బియ్యం డబ్బా, చెప్పుల పెట్టె కిక్కిరిసి ఉన్నాయి. అక్కడ అగ్గిపెట్టె దూరే సందు లేదు. దినేయో మంచం కింద మాత్రం నున్నగా, ఖాళీగా ఉంది. చోటున్న మంచం కిందే ఎవరైనా పెడతారు. మంచాన్నిబట్టి మూట ఎవరిదో తేల్చలేం.

మిస్బా తలెత్తి చూసింది. కప్పుకు గుండ్రటి తెల్లటి పొగ అలారం. దాని కిందే కిటికీ గట్టు మీద, గోరంత మేర నల్లటి మసి. ఎవరో తడిగుడ్డతో తుడిచారు గానీ పూర్తిగా పోలేదు.

వెనక్కి తిరిగి ఉమ్ బదర్‌ను అడిగింది. "ఈ అలారం మోగితే మీకు తెలుస్తుందా?"

"నా ఫోన్‌కు వస్తుంది. మంగళవారం కూడా వచ్చింది. నేను మా అక్క ఇంట్లో ఉన్నాను." ఆవిడ ఫోన్ తీసి చూపించింది. వెనక గది, మంగళవారం, సాయంత్రం ఐదూ పది. "మునిలక్ష్మికి ఫోన్ చేస్తే, తాలింపు మాడిందని చెప్పింది."

"ఆ టైముకి దినేయో ఎక్కడుంది?"

ఉమ్ బదర్ ఆలోచించింది. "మా అత్తగారిని క్లినిక్‌కు తీసుకెళ్ళింది. నాలుగుంబావుకు బయలుదేరారు. ఆరున్నర దాటాక వచ్చారు."

"మునిలక్ష్మి?"

"ఇంట్లోనే ఉంది. ఒక్కతే."

బాషా గుమ్మంలో నిలబడి అంతా వింటున్నాడు. "పొగకీ మూటకీ ఏం సంబంధం ఆపా? అది తాలింపు అని చెప్పింది గదా."

"తాలింపు పడగ్గదిలో పెట్టేది మీ కడపలో ఏమన్నా ఉండాదా?" అంది మిస్బా. "ఈ గదిలో, ఐదూ పదికి, ఎవరో ఒక మిరపకాయ అంటించినారు. అలారం కూసేసరికి ఆర్పేసినారు. అప్పుడు దినేయో ఇంట్లోనే లేదు."

"పొయ్యేముందు మూట కట్టి పెట్టిపొయ్యిండొచ్చు."

"ఉండొచ్చు. అందుకే ఆయమ్మనే అడుగుతాను. నువ్వు బయటుండు."

బాషాకు అది నచ్చలేదు. అయినా ఉమ్ బదర్ తల ఊపేసరికి బయటికి నడవక తప్పలేదు.

దినేయోను ఇస్త్రీ గదిలో కూర్చోబెట్టారు. ఇరవై తొమ్మిదేళ్ళ పిల్ల, పొడుగ్గా, యూనిఫాం ముడత పడకుండా నిటారుగా కూర్చుని ఉంది. ఇద్దరూ ఇంగ్లీషులో మాట్లాడుకున్నారు.

"ఆ మాట నువ్వు అన్నావా?"

"అన్నాను. ఈ ఇంట్లో ఒక మొలోయి ఉందని మా చెల్లెలితో చెప్పాను. అబద్ధం ఆడను."

"అంటే మంత్రగత్తె."

"ఫోన్‌లో అలాగే ఉంటుంది. ఫోన్‌కేం తెలుసు?" దినేయో మొదటిసారి చిన్నగా నవ్వింది. "మా సెత్స్వానా భాషలో, మా పక్కవాళ్ళ సెసోతోలో కూడా ఈ మాట ఉంది. మొలోయి అంటే ఒకరు కాదు. రాత్రి మొలోయిలు వేరు. వాళ్ళు మా అమ్మమ్మ కథల్లో ఉంటారు. ముసలివాళ్ళు, ఒంటికి బూడిద పూసుకుని హైనాల మీద ఎక్కి తిరుగుతారు. వాళ్ళను చూసినవాళ్ళను మాత్రం నేనెప్పుడూ చూడలేదు. నేను నర్సును, నాకు వాళ్ళంటే భయం లేదు."

"మరి నీకు భయం ఎవరంటే?"

"పగటి మొలోయి. వాళ్ళకు హైనాలుండవు. నీతో కలిసి తింటారు, నీ పిల్లల పేర్లు తెలిసినవాళ్ళు. ఎక్కడో నీ మీద అసూయ పుడుతుంది. మందులు తెలిసినవాడి దగ్గరికి పోయి ఏదో తెస్తారు, నీ తిండిలో కలుస్తుంది. అదీ వాళ్ళ చేత్తో కాదు, నువ్వు నమ్మే మనిషి చేత్తో. మీ కోర్టులో అయితే విషం పెట్టినవాళ్ళు అంటారు. మేం ఇద్దరికీ ఒకే మాట వాడతాం."

"ఇంకెవరినీ అనరా ఆ మాట?"

"అంటారు. పేకాటలో నేను గెలిస్తే మా అమ్మమ్మ నన్నే అంటుంది, బుగ్గ గిల్లుతూ. కానీ కోపంగా ఒక మనిషి మొహం మీద అంటే అది వేరే సంగతి. మా వీధిలో ఒక ముసలామెను అలా పేరు పెట్టి పిలిచారు. తెల్లారేసరికి ఆమెకు ఇల్లు లేదు, కాల్చేశారు. అందుకే నేను ఎవరి పేరూ చెప్పలేదు." దినేయో చేతులు ఒళ్ళో ముడుచుకుంది. "ఇప్పుడు ఆ పేరు నాకే పెట్టారు."

మిస్బా ఆ పిల్ల చేయి తన చేతిలోకి తీసుకుని, మళ్ళీ ప్రశ్నలోకి దిగింది.

"విషం అని నీకెందుకు అనిపించింది?"

"నాడి. నేను చేరినప్పుడు డెబ్బై. పోయిన వారం యాభై నాలుగు. సోమవారం నలభై ఎనిమిది. కళ్ళకు పసుపు కనబడటం ఆ గుండె మాత్ర ఒంట్లో ఎక్కువైతే వచ్చే లక్షణం. మాత్రలు నేను లెక్కపెట్టి ఇస్తాను, రోజుకొకటే, మధ్యాహ్నం పన్నెండింటికి. ఎక్కువ కాలేదు. అంటే ఇంకేదో లోపలికి పోయి ఆ మాత్రను విషంగా మారుస్తోంది. డాక్టరుకు చెప్పాను. మంగళవారం రక్తం తీసుకున్నారు. రిపోర్టు ఇవాళ పొద్దున నా ఫోన్‌కే రావాలి."

"వచ్చిందా?"

"ఫోన్ నా దగ్గర లేదు. నిన్న రాత్రి ఆయన తీసుకున్నాడు." దినేయో గడ్డంతో హాలు వైపు చూపించింది.

మిస్బా హాల్లోకి వచ్చి చేయి చాపింది. "ఫోన్ ఇయ్యి బాషా."

"అది సాక్ష్యం. స్టేషన్లో ఇస్తా."

"సాక్ష్యం జప్తు చేసేకి నువ్వు పోలీసువా? ఒకరి ఫోను గుంజుకుని జేబులో పెట్టుకున్న మనిషిని ఏమంటారో మా వకీలుని అడిగి చెప్పమంటావా? స్పీకర్ పెట్టి అడుగుతాను. ఈ ఇంటామె కూడా వింటాది."

బాషా మొహం కందగడ్డ అయింది. "నీకెప్పుడూ పనోళ్ళ పక్షమే. ఆ ముసలామెకి ఏమన్నా అయితే మా ఆఫీసు మూతపడతాది. నాకి భయముండదా? నాకి ఇద్దరు బిడ్డలుండారు ఆపా." ఫోన్ తీసి ఆమె చేతిలో పెట్టాడు. ఆ మాటలో అబద్ధం లేదని మిస్బాకు తెలిసింది. బాషా మొండివాడే గానీ చెడ్డవాడు కాదు, ఇన్నేళ్ళ కొట్లాటలో ఆ సంగతి ఆమెకు ఎప్పుడో తెలుసు.

దినేయో ఇస్త్రీ గదిలోంచి వచ్చి వేలు పెట్టి ఫోన్ తెరిచింది. క్లినిక్ నుంచి అరబ్బీలో సందేశం వచ్చి ఉంది. ఉదయం ఎనిమిదీ నలభై. మిస్బా అందరికీ వినబడేలా చదివింది. రక్తంలో పొటాషియం బాగా పడిపోయింది. ఆమె అతిమధురం ఏ రూపంలోనైనా తీసుకుంటోందా? వెంటనే ఆపండి. గుండె మాత్ర ఈ రోజు ఇవ్వొద్దు. సాయంత్రంలోగా ఆసుపత్రికి తీసుకురండి.

"అతిమధురమా?" ఉమ్ బదర్ అయోమయంగా చూసింది. "మా ఇంట్లో అది లేదే."

గడియారంలో పదకొండు నలభై.

వంటింటి గుమ్మంలో చప్పుడైంది. మునిలక్ష్మి చేతిలోని గరిటె కింద పడింది. సంబేపల్లె దగ్గర పల్లె నుంచి వచ్చి ఏడేళ్ళుగా ఈ ఇంట్లో వంట చేస్తున్న మనిషి. నిన్న రాత్రి మిస్బాకు ఫోన్ చేసి, ఆ పిల్లను కాపాడక్కా అని ఏడ్చింది కూడా ఈమే.

మిస్బా ఆమెను వంటింట్లోకి తీసుకుపోయి స్టూలు మీద కూర్చోబెట్టింది.

"లక్ష్మీ, రాత్రి ఫోన్‌లో ఏమన్నావో గుర్తుండాదా? ఆయమ్మ చెయ్యలేదక్కా, నాకి తెలుసు అన్నావు. ఎట్ట తెలుసని నేను రాత్రంతా ఆలోచన చేస్తాండా. మూట చూసినాక తెలిసిపాయ. మా అమ్మ కూడా ఉప్పూ మిరపకాయలే తిప్పేది."

మునిలక్ష్మి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"దిష్టి తీసినా అక్కా," అంది చివరికి. "మామా కబీరాకి. అన్నం ముట్టకుండా పోతాంటే చూడలేకపోయినా. మంగళారం నాలుక్కి, ఈ పాప చక్రాల కుర్చీ తెచ్చేకి పొయింది, ఆ సందులో మూడుసార్లు తిప్పినా. పెద్దామె నవ్వింది కూడా. మన పక్క అయితే కాళ్ళకింద మన్ను తీసుకుంటాం గదా, ఈడ యాడ చూసినా నున్నటి బండలే. మన్ను యాడ తెచ్చేది? అందుకని దువ్వెన్లోవి నాలుగు ఎంటికలు తీసినా."

"కాల్చబోయినావు."

"గదిలో కిటికీ కాడ అంటిస్తి. ఒక మిరపకాయ అంటుకునేలోపలే పైన కూత పెట్టింది. ఆర్పేసి మూట కట్టినా. కాల్చేకి కాకుంటే మూడు దోవలు కలిసే కాడ పారెయ్యల్ల గదా. నాకి బయటికి పోయేకి శుక్రారమే సెలవు. అందాకా ఈ పాప మంచం కింద పెట్టినా. నా మంచం కింద సందు లేదు."

"నిన్న మూట దొరికినప్పుడే ఎందుకు చెప్పలేదు?"

"చెప్తే నన్ను పట్టకపోరా అక్కా? సిహ్ర్ అంటాండారు. నాది మంచికి చేసింది అంటే ఎవురు నమ్ముతారు? ఈ పాప నాకి ఏం చెడుపు చేసిందని, నా పాపం ఆయమ్మ నెత్తిన పడె."

మిస్బా గుమ్మంలో ఉన్న ఉమ్ బదర్ వైపు తిరిగింది. అరబ్బీలో, ఒక్కో మాటా తూచి చెప్పింది. "పోయినేడు మీ మనవడికి దిష్టి తగిలిందని మీరు పటిక కాల్చి ఉంటారు. అవునా?"

"కాల్చాను. అందరం చేస్తాం."

"ఈమె అదే పని మిరపకాయలతో చేసింది. మీ అత్తగారి కోసం. మీ అలారం భయానికి సగంలో ఆపింది."

ఉమ్ బదర్ మునిలక్ష్మి తల మీద చేయి పెట్టింది. అది చూసి మిస్బాకు పొద్దుటి దోసెలు ఇప్పుడు అరిగినంత హాయిగా అనిపించింది. కానీ కేసు ఇంకా సగమే.

"ఇంకొకటి చెప్పు లక్ష్మీ. పెద్దామెకి అతిమధురం పెడతాండావా?"

"దగ్గుకి కషాయం అక్కా. మన ఇండ్లల్లో పెట్టేదే గదా. మూడు వారాలాయ. దినామూ సాయంత్రం నాలుక్కి, తేనె ఏసి. తియ్యగుంటాదని ఆమె ఇష్టంగా తాగతాది. చెడ్డదా అక్కా అది?"

దినేయో వెనక నుంచి ముందుకు వచ్చింది. మిస్బా తర్జుమా చేసింది. మామూలు మనిషికి ఆ కషాయం దగ్గుమందే. ఆ గుండె మాత్ర వేసుకునే మనిషికి రోజూ ఇస్తే రక్తంలో పొటాషియం కరిగిపోయి, మాత్రే గుండె మీదికి తిరుగుతుంది. వంట చేసే మనిషికి అది తెలిసే వీలు లేదు. తెలిసిన నర్సు ఎవరైనా ఉంటే చెప్పాలి. దినేయోకు ఆ కషాయం సంగతే తెలియదు. నాలుగింటికి ఆమె పెద్దామె నమాజుకు నీళ్ళు, బట్టలు సిద్ధం చేసే సమయం.

"పొడి యాడ కొన్నావు?" అంది మిస్బా.

"నేను కొనలేదక్కా. బాషాన్న తెచ్చిచ్చినాడు."

అందరూ నూర్ బాషా వైపు చూశారు. అతను నిజంగానే బిత్తరపోయాడు.

"నేను తెచ్చిచ్చింది నిజమే," అన్నాడు. "దగ్గుమందు పొడి అని. దాంట్లో ఏముందో నాకి తెలీదు ఆపా, బిడ్డల మీద ఒట్టు. నా భార్య కట్టిచ్చింది. ఆరేళ్ళు ఆ పెద్దామెని చూసుకున్నది గదా, పని ఇడిసిపెట్టినా మనసు ఊరుకోలేదేమో అనుకున్నా."

బాషా భార్య ముబీనా. దినేయోకు ముందు ఈ ఇంట్లో ఆరేళ్ళు నర్సు. రెండు నెలల కింద ఉమ్ బదర్ భర్త, పెద్ద డిగ్రీ ఉన్న నర్సు కావాలని, ముబీనాను మానిపించి దినేయోను తెచ్చాడు.

మిస్బా ఉమ్ బదర్‌ను అడిగింది. "మీ అత్తగారికి అతిమధురం పడదని ముబీనాకు తెలుసా?"

"ఎందుకు తెలియదు?" ఆవిడ గొంతు సన్నబడింది. "రెండేళ్ళ కింద రంజాన్‌లో చుట్టాలు అతిమధురం షర్బత్ తెచ్చారు. మా అత్తగారు గ్లాసు నోటి దాకా ఎత్తారు. ముబీనా లాగేసుకుంది. ఇది మీకు విషం అంది. మునిలక్ష్మి అప్పుడు సెలవు మీద ఊరెళ్ళింది, మిగతా అందరం చూశాం. ఆమె జాగ్రత్తకు ముచ్చటపడ్డాం కూడా."

దినేయో చెప్పిన మాటలు మిస్బా చెవుల్లో ఒక్కొక్కటే కుదురుకున్నాయి. నీతో కలిసి తిన్న మనిషి. అసూయ. నువ్వు నమ్మే చెయ్యి. కొత్త నర్సు చేతిలో ముసలామె పాడైతే, పాత నర్సును మళ్ళీ పిలుస్తారు.

"ముబీనాను పిలిపించాలి," అంది. "బాషా, ఇప్పుడు యాడుండాది?"

బాషా మెట్ల వైపు చూశాడు. ఉమ్ బదరే చెప్పింది.

"పైనే ఉంది. దినేయో బదులు పొద్దున తొమ్మిదింటికి బాషాయే తెచ్చి దింపాడు. మా అత్తగారి దగ్గర కూర్చుంది."

మునిలక్ష్మి లేచి నిలబడింది. "అక్కా, పదకొండుంబావుకి ముబీనక్క ఫోన్ చేసి కషాయం పంపమంటే పంపిస్తి. పెద్ద గ్లాసు."

గడియారంలో పన్నెండు కావడానికి రెండు నిమిషాలుంది. పన్నెండింటికి గుండె మాత్ర.

ముందు పరుగెత్తింది నూర్ బాషా. మెట్లు రెండేసి ఎక్కుతూ పోయాడు. వెనక దినేయో, ఆ వెనక రొప్పుతూ మిస్బా. తొందరపడని మనిషినని చెప్పుకునే మిస్బా, నాలుగు దోసెలు తిన్నందుకు జీవితంలో మొదటిసారి బాధపడింది.

తలుపుకు గడియ పెట్టి లేదు. బాషా తోశాడు.

మామా కబీరా దిండ్లకు ఆనుకుని కూర్చుని ఉంది. మంచం పక్క కుర్చీలో ముబీనా. ఎడమ చేయి పెద్దామె చేతిలో ఉంది, కుడి చేయి పిడికిలి బిగించి ఒళ్ళో ఉంది. బల్ల మీద కషాయం గ్లాసు నిండుగా, కదలకుండా ఉంది. పైన మీగడలా పొర కట్టింది.

ముబీనా తలెత్తి భర్తను చూసింది, తర్వాత మిస్బాను, తర్వాత దినేయోను.

"ఈమెని ఇంకా పంపించలేదా?" అంది నీరసంగా.

బాషా గ్లాసు తీసి కిటికీ గట్టు మీద దూరంగా పెట్టాడు. కషాయం గట్టంతా ఒలికింది.

దినేయో ఎవరినీ పట్టించుకోకుండా మంచం దగ్గరికి నడిచి పెద్దామె మణికట్టు పట్టుకుంది. వాచీ చూస్తూ లెక్కపెట్టింది. పూర్తి నిమిషం.

"నలభై నాలుగు," అంది. "ఇప్పుడే బయలుదేరితే భయం లేదు. వ్యాను కావాలి."

బాషా జేబులోంచి తాళాలు తీశాడు. దినేయోను స్టేషన్‌కు తీసుకుపోవడానికి తెచ్చిన వ్యాను పొద్దుటి నుంచీ గేటు ముందే ఉంది. అతనే పెద్దామెను చేతుల మీద ఎత్తుకుని మెట్లు దిగాడు, పక్కన దినేయో నాడి వదలకుండా నడిచింది. పోతూ పోతూ మామా కబీరా దినేయో బుగ్గ తట్టి, ఈ అమ్మాయి చేతులు చల్లగా ఉంటాయని ఎవరికో చెప్పింది.

గదిలో మిస్బా, ముబీనా మిగిలారు. కింద వ్యాను బయలుదేరిన చప్పుడు వినిపించింది.

"చంపాలని కాదు ఆపా," అంది ముబీనా. "కొంచెం నలత చేస్తే నన్ను పిలుస్తారనుకుంటి. ఆరేళ్ళు నా బిడ్డల కన్నా ఎక్కువ చూసుకున్నా ఆమెని. డిగ్రీ లేదని ఒక్క మాటతో పొమ్మన్నారు."

"పిలిచినారు గదా ఇవాళ. మళ్ళీ కషాయం ఎందుకు తెప్పించినావు?"

"ఇవాళ ఆపేస్తే మూడు వారాలూ అదే కారణమని తెలిసిపోతాదని. ఇంకొక్క దినం అనుకున్నా." ముబీనా ఆగింది. "కషాయం గ్లాసు లోపలికి వస్తానే పెద్దామె నా పేరు పెట్టి పిలిచింది ఆపా. ముబీనా, నువ్వు వచ్చినావంటే నాకి నయమైపోతాది అనింది. అప్పటినుంచీ ఈ చెయ్యి లేవలేదు."

కుడి పిడికిలి విప్పింది. అరచేతిలో పన్నెండు గంటల గుండె మాత్ర ఉంది. చెమటకు నాని, సగం కరిగి, గీతల్లో తెల్లగా అంటుకుపోయి ఉంది.